ఒకే షాట్‌లో ఆరేళ్లు: థియో ఆంగెలోపులోస్ సినిమా

అది ఒక డ్యాన్స్ హాలు. 1946 కొత్త సంవత్సరం రాత్రి. ఒక పక్క టేబుళ్ల దగ్గర వామపక్షం కుర్రాళ్లు, వాళ్ల వెంట వచ్చిన అమ్మాయిలు. ఇంకో పక్క సూట్లు తొడుక్కున్న రాజు పక్షం మనుషులు. వీళ్లలో ఒక్క ఆడమనిషి కూడా లేదు. గొడవ పాటతోనే మొదలవుతుంది. వాళ్లొక పాట ఎత్తుకుంటే, దానికి పోటీగా వీళ్లొకటి ఎత్తుకుంటారు. పాట మీద పాట పడి గొంతులు పెరుగుతాయి. చివరికి రాజు పక్షం వాడొకడు పిస్తోలు తీసి పేలుస్తాడు. కుర్రాళ్లు, అమ్మాయిలు మాట్లాడకుండా లేచి వెళ్లిపోతారు. హాల్లో మిగిలింది మగవాళ్లే కాబట్టి వాళ్లలో వాళ్లే జంటలు కట్టి డ్యాన్స్ చేస్తారు. తర్వాత తాగిన మత్తులో తూలుకుంటూ వీధిలోకి వస్తారు. కెమెరా వాళ్ల పక్కనే నడుస్తుంది. నాలుగడుగులు పోయేసరికి తూలుడు తగ్గుతుంది, అడుగులు కలుస్తాయి, నడక కాస్తా కవాతవుతుంది. అలా పోయి పోయి వాళ్లు ఒక సభలో కలిసిపోతారు. అది మార్షల్ పాపాగోస్ అనే మితవాద సేనాని ఎన్నికల సభ. అప్పటికి ఏడాది 1952. వీధిలోకి వచ్చిన దగ్గర్నుంచి సభ దాకా ఒక్క కట్ కూడా పడలేదు.

1975లో వచ్చిన 'ది ట్రావెలింగ్ ప్లేయర్స్' సినిమాలోది ఈ ఘట్టం. దర్శకుడు గ్రీసుకు చెందిన థియో ఆంగెలోపులోస్. ఇంగ్లీషు స్పెల్లింగ్ చూసి చాలామంది ఆంజెలోపౌలోస్ అంటారు గానీ, గ్రీకులో పలికే తీరు ఇదే. ఆరేళ్ల కాలాన్ని ఒక వీధి పొడవునా నడిపించడం చూసేవాళ్లకు గారడీలా అనిపించవచ్చు. నిజానికి ఆయన చెబుతున్నది చాలా సాదా సంగతి. 1946లో పిస్తోలు పేల్చినవాడే 1952లో అధికారం పక్కన నిలబడ్డాడు. మధ్యలో కట్ పడితే "ఆరేళ్ల తర్వాత" అని ప్రేక్షకుడు సర్దుకుంటాడు. కట్ లేకపోతే ఆ వెసులుబాటు ఉండదు.

ఆంగెలోపులోస్ పేరు చెప్పగానే వినిపించే మాట 'స్లో'. ఆయన సినిమాలు నెమ్మదిగా నడుస్తాయి, నిజమే. గంటలకు గంటలు సాగుతాయి, అదీ నిజమే. అయితే ఆ నెమ్మదిని ఒక స్టైల్ అని పక్కన పెట్టేస్తే ఆయన సినిమా అర్థం కాదు. ఆ నెమ్మదికి మూలాలు ఆయన చిన్నతనంలో, ఆయన దేశం బతికిన బతుకులో ఉన్నాయి.

ఆయన 1935 ఏప్రిల్ 27న ఏథెన్స్‌లో పుట్టారు. తండ్రి స్పీరోస్ చిన్న వ్యాపారి. పిల్లాడికి ఏడాది నిండిన కొద్ది నెలలకే, 1936 ఆగస్టు 4న, జనరల్ మెటాక్సాస్ నియంతృత్వం మొదలైంది. తర్వాత ఇటలీ దాడి, జర్మన్ల ఆక్రమణ, ఆకలి చావులు. 1944 అక్టోబరులో జర్మన్లు వెళ్లిపోయారు. రెండు నెలలు తిరక్కుండానే ఏథెన్స్ వీధుల్లో గ్రీకులూ గ్రీకులూ కాల్చుకున్నారు. ఒక వైపు కమ్యూనిస్టుల నాయకత్వంలోని ప్రతిఘటన సైన్యం, ఇంకో వైపు ప్రభుత్వ బలగాలు, వాళ్లకు అండగా బ్రిటిష్ దళాలు. ఆ డిసెంబరులోనే కమ్యూనిస్టు పక్షం వాళ్లు స్పీరోస్‌ను పట్టుకుపోయారు. తండ్రి చనిపోయాడనుకొని తల్లి తొమ్మిదేళ్ల కొడుకు చెయ్యి పట్టుకొని శవాల మధ్య భర్త కోసం వెతికింది. ఆయన శవం దొరకలేదు. కొంతకాలానికి మనిషే నడుచుకుంటూ ఇంటికి తిరిగొచ్చాడు. ఆ రోజు ఇంట్లో ఎవరికీ మాట పెగల్లేదట, అందరూ కూర్చొని మౌనంగా భోంచేశారట. పెద్దయ్యాక ఆంగెలోపులోస్ ఈ రోజు గురించి చాలాసార్లు చెప్పుకున్నారు.

తండ్రిని పట్టుకుపోయింది వామపక్షం. కొడుకేమో జీవితాంతం వామపక్ష సానుభూతిపరుడిగానే ఉన్నారు. ఈ వైరుధ్యాన్ని ఆయన ఎక్కడా తేల్చేసి చేతులు దులుపుకోలేదు. అందుకే ఆయన సినిమాల్లో ఓడిపోయిన విప్లవం మీద ప్రేమ ఎంత ఉంటుందో, గెలిచిన విప్లవం మీద అనుమానమూ అంతే ఉంటుంది. ఇక తిరిగొచ్చే తండ్రి, తిరిగిరాని తండ్రి, అసలు ఉన్నాడో లేడో తెలియని తండ్రి, వీళ్లు లేకుండా ఆయన సినిమా దాదాపుగా లేదు.

ఏథెన్స్‌లో లా చదవడం మొదలుపెట్టి డిగ్రీ చేతికి రాకముందే మానేశారు. సైన్యంలో తప్పనిసరి సర్వీసు ముగించుకొని 1961లో పారిస్ వెళ్లారు. సోర్బాన్‌లో కొన్నాళ్లు, తర్వాత ఈడెక్ అనే ప్రసిద్ధ సినిమా స్కూల్లో కొన్నాళ్లు. అక్కడ మొదటి ఏడాదే గురువుతో తగాదా వచ్చింది. ఒక సన్నివేశాన్ని షాట్లుగా విడగొట్టి చూపమంటే, ఈయన బోర్డు మీద ఒక వృత్తం గీసి కెమెరా చుట్టూ తిరిగితే చాలు, ఇంకే షాటూ అక్కర్లేదన్నారని చెబుతారు. స్కూల్లోంచి పంపేశారు. ఈ కథలో ఎంత నిజం, ఎంత అలంకారం అనేది పక్కన పెడితే, ఆ వృత్తం తర్వాతి నలభై ఏళ్ల సినిమాల్లో మళ్లీ మళ్లీ కనిపిస్తుంది. ఈడెక్ వదిలాక డాక్యుమెంటరీ దర్శకుడు జాన్ రూష్ దగ్గర కొంత నేర్చుకొని 1964లో ఏథెన్స్ తిరిగొచ్చారు. 'డిమోక్రాటికి అలాయీ' అనే వామపక్ష పత్రికలో సినిమా సమీక్షలు రాశారు. మధ్యలో 'ఫార్మింక్స్' అనే పాప్ బ్యాండ్ మీద ఒక సినిమా మొదలుపెట్టి వదిలేశారు. ఆ బ్యాండ్‌లో కీబోర్డు వాయించిన కుర్రాడే తర్వాత ప్రపంచమంతా పేరు తెచ్చుకున్న సంగీత దర్శకుడు వాంగెలిస్. 1967 ఏప్రిల్ 21న సైనిక అధికారులు తిరుగుబాటు చేశారు. పత్రిక మూతపడింది, ఈయన సమీక్షలు ఆగిపోయాయి.

దేశంలో కాస్త పేరున్న కళాకారులు చాలామంది సైనిక పాలన నడిచిన ఆ ఏడేళ్లూ విదేశాలకు పోయారు. ఆంగెలోపులోస్ పోలేదు. సైనిక పాలన కిందే మొదటి పెద్ద సినిమా 'రీకన్‌స్ట్రక్షన్' తీశారు. ఉత్తరాన ఎపిరస్ కొండల్లో ఒక పల్లె. బతుకుతెరువుకు జర్మనీ పోయిన మగాడు ఇంటికి తిరిగొస్తాడు. భార్య, ఆమె ప్రియుడు కలిసి అతన్ని చంపేస్తారు. పోలీసులు వచ్చి హత్య ఎలా జరిగిందో వాళ్లచేత మళ్లీ చేయించి చూస్తారు. అంత చేసినా హత్య మాత్రం తెర మీద కనబడదు. కనబడేదల్లా ఖాళీ అయిపోతున్న ఊరు, రాళ్ల ఇళ్లు, వాన, నల్లబట్టల ముసలమ్మలు. నేరం ఎవరిదనే ప్రశ్న మెల్లగా పక్కకు జరిగి, మగాళ్లంతా పొట్ట చేతబట్టుకొని పోయిన ఊరికి ఏమవుతుందన్న ప్రశ్న ముందుకొస్తుంది. 1970లో థెస్సలోనికీ చిత్రోత్సవంలో దీనికి అవార్డులొచ్చాయి. కెమెరామన్ గియోర్గోస్ అర్వానిటిస్‌తో ఆయన జోడీ కుదిరింది కూడా ఈ సినిమాతోనే. ఆ జోడీ పాతికేళ్లకు పైగా సాగింది.

పర్యాటకుల పోస్టర్లలో గ్రీసు అంటే నీలి సముద్రం, సున్నం కొట్టిన తెల్లటి ఇళ్లు, ఫెళ్లున కాసే ఎండ. ఆంగెలోపులోస్ గ్రీసులో ఎండ పొడ కనబడటం అరుదు. చలికాలమే షూటింగ్. మబ్బు, ముసురు, బురద, పాచి పట్టిన గోడలు, తలుపులు మూసిన కాఫీ కొట్లు. ఆయన కథలు జరిగేది దీవుల్లో కాదు, ఫ్లోరినా లాంటి సరిహద్దు పట్టణాల్లో.

1972 నాటి 'డేస్ ఆఫ్ 36' దగ్గర ఆయన పనితనంలో ఒక కీలకం కుదిరింది. మెటాక్సాస్ నియంతృత్వానికి కాస్త ముందు, జైల్లో ఒక ఖైదీ తనను చూడ్డానికి వచ్చిన పార్లమెంటు సభ్యుణ్ణి బందీగా పట్టుకుంటాడు. ప్రభుత్వానికి ఏం చేయాలో తోచదు. ఈ గుట్టంతా తలుపుల వెనక, ఫోన్లలో, గుసగుసల్లో నడుస్తుంది. కెమెరా మాత్రం జైలు వరండాలో, ముంగిట్లో, మూసిన తలుపు ముందు నిలబడే ఉంటుంది. అసలు మాట వినబడదు. 1936 గురించి తీసిన సినిమా అది. చూసినవాళ్లకు అర్థమైంది 1972. సెన్సార్ కత్తి తలమీద వేలాడుతున్నప్పుడు అసలు సంగతి చెప్పకుండా వదిలేయడమే దాన్ని చెప్పే దారి. తలుపు వెనక ఉంచడం, దూరం నుంచి చూడటం, ఘోరం జరిగే చోటి నుంచి కెమెరా తిప్పేయడం అలా అవసరం కొద్దీ పుట్టాయి. సైనిక పాలన పోయాక కూడా ఆయన వాటిని వదల్లేదు. అప్పటికి అది ఆయన చూపే అయిపోయింది.

ఇక 'ది ట్రావెలింగ్ ప్లేయర్స్'. గ్రీకులో పేరు 'ఓ థియాసోస్', అంటే నాటక సమాజం. నిడివి నాలుగు గంటలకు పది నిమిషాలు తక్కువ. అంత సినిమాలో ఉన్న షాట్లు దాదాపు 80. మామూలు సినిమాలో ఆ లెక్క పాటలు, ఫైట్లు రాకముందే దాటిపోతుంది.

ఇంటిల్లిపాదీ వేషం కట్టే ఒక పేద సమాజం పెట్టెలు పట్టుకొని ఊరూరా తిరుగుతూ 'గోల్ఫో' అనే పాత పల్లెటూరి ప్రేమ నాటకం ఆడుతుంటుంది. కాలం 1939 నుంచి 1952 దాకా. నాటకం ఎక్కడా పూర్తికాదు. ఒకసారి బాంబులు పడతాయి, ఒకసారి పోలీసులు వస్తారు, ఒకసారి తుపాకులు పేలుతాయి. చరిత్రే వచ్చి తెర దింపేస్తుంది. ఈ కుటుంబంలోని గొడవ మాత్రం రెండున్నర వేల ఏళ్ల నాటిది. తండ్రి, తల్లి, తల్లి ప్రియుడు, పగబట్టిన కూతురు, కొండల్లో గెరిల్లాలతో కలిసిన కొడుకు. అగమెమ్నాన్, క్లైటెమ్నెస్ట్రా, ఎగిస్తస్, ఎలెక్ట్రా, ఒరెస్టిస్ అన్న పాత విషాద నాటకాల పాత్రలే వీళ్లు. ఎగిస్తస్ జర్మన్ల తొత్తు. అతను పట్టిస్తే జర్మన్లు తండ్రిని కాల్చి చంపుతారు. కొడుకు కొండల్లోంచి దిగివచ్చి తల్లినీ ఎగిస్తస్‌నూ నాటకం నడుస్తుండగా స్టేజీ మీదే కాల్చేస్తాడు. ప్రేక్షకులు అదీ నాటకమే అనుకొని చప్పట్లు కొడతారు. కొన్నేళ్లకు ఒరెస్టిస్‌కు మరణశిక్ష పడుతుంది. అతన్ని పూడ్చిపెట్టే చోట అక్క చప్పట్లు మొదలుపెడుతుంది, సమాజమంతా కలుస్తుంది. మొదటి చప్పట్లు తెలియక కొట్టినవి. ఈ రెండోసారివి, వేషం ముగించి తెర వెనక్కు పోతున్న నటుడికి తోటి నటులు చెప్పే వీడ్కోలు. నాలుగు గంటల సినిమాలో కన్నీళ్లు పెట్టించాలని చూడని చోట కన్నీళ్లు వచ్చేది ఇక్కడే.

మూడుచోట్ల పాత్రలు కెమెరా వైపు తిరిగి మనతో నేరుగా మాట్లాడతాయి. రైలు పెట్టెలో తండ్రి 1922లో ఆసియా మైనర్ (ఇప్పటి టర్కీ) నుంచి కాందిశీకులుగా తరిమివేయబడిన సంగతి చెబుతాడు. రాజు పక్షం గూండాలు చెరచి పడేశాక ఎలెక్ట్రా ఏడవదు, లేచి 1944 డిసెంబరులో ఏథెన్స్‌లో ఏం జరిగిందో తారీఖుల వారీగా చెబుతుంది. ఒరెస్టిస్ స్నేహితుడు పిలడీస్ జైలు నుంచి విడుదలై నిర్బంధ శిబిరాల్లో పెట్టిన హింస చెబుతాడు. సొంత గాయం గురించి నోరెత్తాల్సిన చోట దేశం గాయం గురించి మాట్లాడటం మొదట్లో కృత్రిమంగా అనిపిస్తుంది. కానీ ఆ కృత్రిమత కావాలని పెట్టిందే. పాఠ్యపుస్తకాల్లో ఓడిపోయినవాళ్ల వైపు కథ లేదు. అందుకే సినిమాయే పాఠం చెప్పుకోవలసి వచ్చింది.

ఈ సినిమా షూటింగ్ 1974 మొదట్లో, ఇంకా సైనిక పాలన ఉండగానే మొదలైంది. జర్మన్ ఆక్రమణ కాలంలో పెట్టిన పురాణ కథ అని అధికారులకు చెప్పి అనుమతి తెచ్చుకున్నారు. అబద్ధం కాదు, సగం నిజం. ఆ జూలైలో సైనిక పాలన కూలిపోయింది. అయినా తర్వాత వచ్చిన మితవాద ప్రభుత్వం దీన్ని గ్రీసు తరఫున కాన్ చిత్రోత్సవానికి పంపలేదు. డైరెక్టర్స్ ఫోర్ట్‌నైట్ అనే సమాంతర విభాగంలో వేస్తే అంతర్జాతీయ విమర్శకుల బహుమతి వచ్చింది. గ్రీసులోనూ జనం విరగబడి చూశారు. వాళ్లకు ఇది ఆర్ట్ సినిమా కాదు. ఇంట్లో తలుపులు మూసి గొంతు తగ్గించి చెప్పుకున్న మాటలు మొదటిసారి హాల్లో వెలుతురుగా పడటం.

1977 నాటి 'ది హంటర్స్'లో కొందరు వేటగాళ్లకు మంచులో ఒక గెరిల్లా శవం దొరుకుతుంది. ప్రభుత్వంతో కమ్యూనిస్టు గెరిల్లాలు పోరాడిన అంతర్యుద్ధం 1949లోనే ముగిసిపోయింది కానీ, శవం గాయంలోంచి నెత్తురు ఇంకా వెచ్చగా కారుతుంటుంది. ఆలోచన అద్భుతం, సినిమా మాత్రం ఆ ఆలోచన బరువును పూర్తిగా మోయలేదు. 1980లో వచ్చిన 'అలెగ్జాండర్ ద గ్రేట్' ఇంకా బరువైనది. పేదల రక్షకుడిగా వచ్చిన బందిపోటు చివరికి ఆ ఊరి మీదే నియంత అవుతాడు. వామపక్షం తనలోకి తాను చూసుకోవాల్సిన సినిమా అది, అందుకే ఆ వైపు నుంచే ఎక్కువ మందికి నచ్చలేదు.

ఇక్కడ ఒక మలుపు ఉంది. 1981లో గ్రీసులో సోషలిస్టులు అధికారంలోకి వచ్చారు. రష్యాకూ తూర్పు దేశాలకూ పారిపోయిన పాత గెరిల్లాలు తిరిగి రావడానికి దారి తెరుచుకుంది. ఇన్నాళ్లూ గుంపుగా, దూరంగా, బొమ్మల్లా కనిపించిన మనుషులకు ఆంగెలోపులోస్ సినిమాలో ముఖాలు వచ్చాయి. 1984 నాటి 'వాయేజ్ టు కిథీరా'తో ఇద్దరు కొత్తవాళ్లు ఆయన పక్కన చేరారు. ఒకరు ఇటలీ రచయిత టొనీనో గుయెర్రా, ఇంకొకరు సంగీత దర్శకురాలు ఎలేని కరైంద్రూ. సెల్లో, అకార్డియన్, ఓబోలతో ఆమె కట్టిన బాణీలు లేకుండా తర్వాతి సినిమాలను ఊహించడం కష్టం.

కిథీరా సినిమాలో ఒక దర్శకుడు ముసలి తండ్రి పాత్ర కోసం నటుణ్ణి వెతుకుతుంటాడు. ముసలివాళ్లు వరసగా వచ్చి ఒకే మాట అంటారు: "నేనే". ఒకరి తర్వాత ఒకరు, "నేనే", "నేనే". ఎవరి గొంతులోనూ ఆ మాట నిజంగా పలకదు. తర్వాత రేవులో ఓడ దిగి, సూట్‌కేసు పట్టుకొని, 32 ఏళ్ల తర్వాత రష్యా నుంచి వచ్చిన ముసలాయన పిల్లల ముందు నిలబడి అదే మాట అంటాడు. ఆ ఒక్క మాటలో తొమ్మిదేళ్ల పిల్లాడు చూసిన రోజు మొత్తం ఉంది. పాత్ర పేరు కూడా స్పీరోసే. వేషం వేసింది గ్రీకు రంగస్థలం మీద మహానటుడు అనిపించుకున్న మానోస్ కట్రాకిస్. ఆయన స్వయంగా మక్రోనిసోస్ దీవి నిర్బంధ శిబిరంలో గడిపివచ్చినవాడు. ఆ సినిమా వచ్చిన ఏడాదే పోయారు.

తిరిగొచ్చిన స్పీరోస్‌కు ఊళ్లో చోటు దొరకదు. ఊరివాళ్లు పొలాలన్నీ ఒక టూరిస్టు కంపెనీకి అమ్ముతుంటారు. ఇతనొక్కడు సంతకం పెట్టడు. పాత శత్రువులకు మళ్లీ కోపం లేస్తుంది. దేశంలో అతను పౌరుడు కాదు, పత్రాలు లేవు. పోలీసులు అతన్ని తీసుకెళ్లి దేశపు నీటిహద్దు అవతల ఒక తెప్ప మీద నిలబెడతారు, వానలో. ముసలి భార్య తనూ అక్కడికే పోతానంటుంది. చివర్లో తెల్లవారుతుండగా ఇద్దరూ తెప్ప మీద నిలబడి మంచులోకి కొట్టుకుపోతారు. కాన్‌లో స్క్రీన్‌ప్లే బహుమతి వచ్చింది.

1986 నాటి 'ద బీకీపర్'లో మార్చెల్లో మాస్త్రోయానీ తేనెటీగల పెట్టెలు లారీలో వేసుకొని పూలు పూసే దారి వెంట తిరుగుతాడు. మాస్త్రోయానీ కోసం చూడొచ్చు. అంతకు మించి చెప్పడానికి పెద్దగా లేదు.

కానీ 1988 నాటి 'ల్యాండ్‌స్కేప్ ఇన్ ది మిస్ట్' వేరే సంగతి. పదకొండేళ్ల అక్క వూలా, ఐదేళ్ల తమ్ముడు అలెగ్జాండ్రోస్ జర్మనీలో ఉన్నాడని తల్లి చెప్పిన తండ్రి కోసం టికెట్ లేకుండా రైలెక్కుతారు. అలాంటి తండ్రి ఎవడూ లేడని మనకు తొందరగానే తెలిసిపోతుంది. గ్రీసుకూ జర్మనీకీ సరిహద్దే లేదని పిల్లలకు తెలియదు. వూలా అన్నది పదకొండేళ్లకే చనిపోయిన ఆంగెలోపులోస్ చెల్లెలి పేరు. పోలీస్ స్టేషన్‌లో పిల్లల్ని కూర్చోబెట్టాక మంచు కురవడం మొదలవుతుంది. పోలీసులంతా బయటికి వచ్చి తలలెత్తి, ఎక్కడివాళ్లక్కడ కొయ్యబారి చూస్తుంటారు. ఆ బొమ్మల మధ్యలోంచి పిల్లలు చెయ్యీ చెయ్యీ పట్టుకొని పారిపోతారు. సినిమా మొత్తంలో లోకం పిల్లల మీద దయ చూపింది ఈ ఒక్కసారే.

దయ లేని చోటు కూడా చెప్పాలి. లారీ డ్రైవర్ రోడ్డు పక్కన బండి ఆపి వూలాను వెనక టార్పాలిన్ లోపలికి లాక్కెళతాడు. కెమెరా లారీ వెనక నుంచి చూస్తుంది, కదలదు. టార్పాలిన్ మూసే ఉంటుంది. రోడ్డు మీద కార్లు పోతుంటాయి, కొన్ని ఆగుతాయి కూడా, ఎవరికీ ఏమీ తెలియదు. తర్వాత అతను దిగి పోతాడు. కాసేపటికి పిల్ల అంచుకు వచ్చి కాళ్లు వేలాడేసి కూర్చుంటుంది, తన చేతికంటిన నెత్తురు చూసుకుంటుంది. 'డేస్ ఆఫ్ 36'లో సెన్సార్ కోసం మూసిన తలుపే ఇక్కడ టార్పాలిన్ అయింది. అప్పుడు ప్రభుత్వానికి భయపడి చూపలేదు. ఇప్పుడు ఆ పిల్ల మీద గౌరవంతో చూపలేదు. చూపకపోవడం వల్ల ఎంత భరించలేనిదవుతుందో చూసినవాళ్లకే తెలుస్తుంది. వెనిస్‌లో దీనికి వెండి సింహం ఇచ్చారు.

తొంభైల్లో బాల్కన్ దేశాలు ముక్కలవుతున్నాయి, అల్బేనియా నుంచి జనం కొండలు దాటి గ్రీసులోకి వస్తున్నారు. ఆంగెలోపులోస్ సరిహద్దుల మీదికి వెళ్లారు. 1991 నాటి 'ది సస్పెండెడ్ స్టెప్ ఆఫ్ ది స్టార్క్' ఫ్లోరినాలో తీస్తున్నప్పుడు అక్కడి బిషప్ అగుస్టినోస్ కాంటియోటిస్ ఈ సినిమా మీద యుద్ధం ప్రకటించి, దర్శకుణ్ణి మతం నుంచి వెలివేశారు. అంత గొడవ జరిగిన ఆ సినిమాలోకెల్లా గొప్ప ఘట్టం ఒక నది ఒడ్డున ఉంది. పెళ్లికూతురు ఈ ఒడ్డున, పెళ్లికొడుకు ఆ ఒడ్డున. మధ్యలో నది, అదే సరిహద్దు. పహారా తిరిగే సైనికులు అటు పోగానే బంధువులు చప్పుడు చేయకుండా రెండు గట్ల మీదా చేరతారు. పూజారి నీళ్ల వైపు తిరిగి మంత్రాలు చదువుతాడు. ఎక్కడో తుపాకీ పేలుతుంది, అంతా చెల్లాచెదురు. పెళ్లి మాత్రం అయిపోయింది.

1995 నాటి 'యులిసెస్ గేజ్' గురించి ఏకాభిప్రాయం లేదు, ఉండాల్సిన అవసరమూ లేదు. బాల్కన్ ప్రాంతంలో తొలి సినిమాలు తీసిన మనాకిస్ సోదరుల రీళ్లు మూడు, డెవలప్ చేయకుండా ఎక్కడో మిగిలిపోయాయి. వాటి కోసం ఒక దర్శకుడు యుద్ధం నడుస్తున్న సరయేవో దాకా పోతాడు. ముక్కలు చేసిన లెనిన్ విగ్రహం పడవ మీద వెల్లకిలా పడుకొని డాన్యూబ్ నదిలో పోతుంటే, గట్టు మీద జనం మోకాళ్ల మీద కూర్చొని శిలువ గుర్తు వేసుకుంటారు. రొమేనియాలో ఒక ఇంట్లో కొత్త సంవత్సరం విందు 1945లో మొదలై, ఒకే షాట్‌లో, ఒకే డ్యాన్స్‌లో 1950 దాకా పోతుంది. మధ్యలో మనిషిని పట్టుకుపోతారు, పియానో పట్టుకుపోతారు, డ్యాన్స్ ఆగదు. ఇవి చాలు ఆ సినిమాను కాపాడటానికి. కానీ హార్వీ కీటెల్ ఇంగ్లీషులో పలికే మాటలు చాలాచోట్ల పుస్తకం చదువుతున్నట్టే ఉంటాయి. దారిలో తగిలే ఆడవాళ్లందరినీ ఒకే నటి పోషించడం కవిత్వంగా తోచిందేమో గానీ, ఎదురుచూడటం తప్ప వాళ్లకు వేరే పని లేదు. ఈ లోపం ఆయన చాలా సినిమాల్లో ఉంది. మగాడు తిరుగుతాడు, ఆడమనిషి కిటికీ దగ్గర నిలబడుతుంది.

ఆ ఏడాది కాన్‌లో మొదటి బహుమతి దర్శకుడు ఎమిర్ కుస్తూరికాకు వెళ్లి, ఆంగెలోపులోస్‌కు రెండోది వచ్చింది. స్టేజీ మీద ఆయన ముఖం మాడ్చుకొని, తాను పెద్ద బహుమతికే మాట సిద్ధం చేసుకున్నానన్న ధోరణిలో రెండు ముక్కలు చెప్పి దిగిపోయారు. ఆ పెంకితనం బాగానే గుర్తుండిపోయింది. మూడేళ్లకు 'ఎటర్నిటీ అండ్ ఎ డే'కు మొదటి బహుమతి పామ్ డోర్ ఇచ్చారు. జ్యూరీ అధ్యక్షుడు మార్టిన్ స్కోర్సేసీ.

బ్రూనో గాంజ్ అందులో మరునాడు ఆసుపత్రిలో చేరాల్సిన ముసలి రచయిత. చివరి రోజున కార్ల అద్దాలు తుడిచే అల్బేనియా కుర్రాడొకడు అతనికి తగులుతాడు. రచయిత ఆ పిల్లాడికి కవి సొలోమోస్ కథ చెబుతాడు. ఇటలీలో పెరిగి గ్రీసు తిరిగొచ్చిన ఆ 19వ శతాబ్దపు కవికి మాతృభాష సరిగ్గా రాదు. తనకు తెలియని మాట ఎవరు చెప్పినా డబ్బిచ్చి కొనుక్కునేవాడు. పిల్లాడికి ఈ ఆట నచ్చుతుంది. జనంలోకి పరుగెత్తి మాటలు ఏరుకొచ్చి ముసలాయనకు అమ్ముతుంటాడు. వాటిలో ఒకటి 'అర్గదిని'. బాగా పొద్దుపోయాక అని అర్థం. చావు దగ్గరపడ్డ మనిషికి పరాయి దేశపు పిల్లాడు అమ్మిన మాట అది. బ్రూనో గాంజ్ గొంతును గ్రీకులో డబ్బింగ్ చేశారు, కొన్నిచోట్ల పెదాలు కలవవు కూడా. అయినా ఆ సీనుకు అదేమీ అడ్డం రాదు.

2004 నాటి 'ది వీపింగ్ మెడో' కోసం కెర్కీనీ సరస్సు ఎండిన చోట ఒక ఊరే కట్టించి, నీళ్లు పెరిగి ఇళ్లు మునిగే దాకా వేచి చూసి తీశారు. కంప్యూటర్ బొమ్మలు చేతికొచ్చిన రోజుల్లో వరద కోసం నిజంగా కాచుకొని కూర్చోవడం ఆయనకే చెల్లింది. 2008 నాటి 'ది డస్ట్ ఆఫ్ టైమ్'లో పెద్ద పెద్ద తారలున్నారు, ప్రాణం తక్కువ. ఈ వరసలో మూడోది 'ది అదర్ సీ'. అప్పుల సంక్షోభంలో మునిగిన గ్రీసు గురించి. 2012 జనవరి 24న పిరేయస్ రేవు దగ్గర షూటింగ్ జరుగుతుండగా రోడ్డు దాటుతున్న ఆంగెలోపులోస్‌ను మోటార్‌సైకిల్ ఢీకొట్టింది. ఆ రాత్రే ఆసుపత్రిలో పోయారు. 76 ఏళ్లు. సినిమా అక్కడే ఆగిపోయింది.

కొత్తగా చూసేవాళ్లు 'ట్రావెలింగ్ ప్లేయర్స్'తో మొదలుపెడితే గ్రీసు చరిత్ర తెలియక సగంలో లేచిపోయే ప్రమాదం ఉంది. 'ల్యాండ్‌స్కేప్ ఇన్ ది మిస్ట్' ముందు చూడటం మేలు, రెండు గంటలే, కథ పిల్లలకైనా చెప్పొచ్చు. అందులో సముద్రం ఒడ్డున తాళ్ల మీద వేషాల బట్టలు ఆరేసి అమ్ముకుంటూ ఒక ముసలి నాటక సమాజం కనిపిస్తుంది. వాళ్లెవరో తెలుసుకోవాలనిపిస్తే అప్పుడు 1975 సినిమాకు వెనక్కి పోవచ్చు. ఫోన్‌లో మాత్రం చూడొద్దు. మనిషిని ఆయన ఎప్పుడూ దూరం నుంచే చూపిస్తారు. ఐదంగుళాల తెర మీద తెప్ప కనబడుతుంది, దాని మీద నిలబడ్డ ఇద్దరు కనబడరు.